రెండో కొస

మా పక్కింటి కాక సిరిసిల్లలో సాంచెల మీద బట్ట నేసేవాడు. పోగు తెగిందంటే చాలు, మనతో మాట్లాడుతూనే రెండు కొసలూ కలిపి ముడేసేవాడు. సెలవు రోజు మాత్రం మానేరు ఒడ్డున గాలమేసుకుని, పొద్దుగూకేదాకా ఒక్కడే కూర్చునేవాడు.

ఆయన భార్య చనిపోయిన నెల రోజులకు, ఓ మధ్యాహ్నం అక్కడికి సద్ది పట్టుకెళ్లాను. నేను చూస్తుండగానే పెద్ద చేపొకటి గాలం దారం తెంపుకుని పోయింది. కాక నీళ్లవైపు చూడనే లేదు. తెగిన కొసను ఎడమచేత్తో పట్టుకుని, కుడిచేత్తో గాలిలో రెండో కొస కోసం వెతుకుతున్నాడు.

"గా కొస చేపతోనే పాయె గద కాకా," అన్నాను.

"నాకెర్కనే బిడ్డా," అన్నాడు, వేళ్లు ఆపకుండానే. "చేతులకు ముడేసుడొక్కటే ఎర్క. పోయిందని వాటికెవలు చెప్పాలె?"