నెమ్మదిగా పొమ్మన్నామా?

ఆరేళ్ల కింద పోలీస్ స్టేషన్లో ఒక అబద్ధం చెప్పాను. చిన్నది, ఒక్క వాక్యం. ఇన్నేళ్లలో ఇంట్లో కూడా ఎవరికీ చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. అందుకేనేమో మీతో చెప్పాలనిపిస్తోంది.

నేను సైన్సు టీచర్ని. ఇల్లు సూర్యాపేటలో, బడి కోదాడ అవతల ఒక ఊళ్లో. అప్పట్లో నేను, ఇంకో ఇద్దరు టీచర్లు కలిసి భిక్షం సార్ కారులో రోజూ పోయి వచ్చేవాళ్లం. సార్ సోషల్ చెప్పేవారు, నాకంటే పదేళ్లు పెద్ద. రోడ్డు ఖాళీగా ఉన్నా అరవై దాటేవారు కాదు. వెనక పిట్ట కూడా లేకపోయినా ఇండికేటర్ వేసి మరీ తిప్పేవారు. అలా వెళ్లినా ప్రార్థన బెల్లుకు పది నిమిషాల ముందే బడిలో ఉండేవాళ్లం.

మరి తొందర దేనికి? అదే నాకిప్పటికీ అంతుబట్టదు. నేను స్కూటీ మీద కూరగాయలకు వెళ్తే ముప్పై దాటను. స్పీడ్ బ్రేకర్ కనిపిస్తే రెండు కాళ్లూ కింద పెట్టేస్తాను. అలాంటిదాన్ని, ఇంకొకరి కారులో వెనక సీట్లో కూర్చోగానే నాకు అంత ధైర్యం ఎక్కడినుంచి వచ్చింది? స్టీరింగ్ చేతిలో లేకపోతే భయం కూడా మనది కాకుండా పోతుందా?

సార్‌కు ఎడ్లబండి సార్ అని పేరు పెట్టింది నేనే. ఫోన్లో స్టాప్‌వాచ్ పెట్టింది కూడా నేనే. సూర్యాపేటలో కారెక్కగానే నొక్కేదాన్ని, కోదాడలో టీ హోటల్ దగ్గర ఆపేదాన్ని. మొదట్లో యాభై నిమిషాలు వచ్చేది. ఎంత వెక్కిరించినా సార్ నవ్వేవారే తప్ప కాలు కదిపేవారు కాదు. ఒకరోజు దారి ఖాళీగా ఉండి నలభై ఆరు వచ్చింది. సరదాకి చప్పట్లు కొట్టాం. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. మర్నాడు ఎవరూ అడగకుండానే నలభై నాలుగు. ఇది భలే ఉందే అనుకున్నాను. వెక్కిరింతకు లొంగని మనిషి చప్పట్లకు లొంగాడు. ప్రయోగం ఫలించినట్టు సంబరపడ్డాను, సిగ్గు లేకుండా చెబుతున్నాను. అలా మిగిల్చిన నిమిషాలతో మేం చేసిందల్లా ఇంకో టీ తాగడం.

ఆ ఉదయం మునగాల దాటాం. స్టాప్‌వాచ్ చూసి, "సార్, ఇయ్యాల నలభై లోపు కొట్టాలె. జర తొక్కున్రి," అన్నాను. సార్ అద్దంలో నన్ను చూసి నవ్వి, తొక్కారు. పక్క ఊరి దారిలోంచి గడ్డిమోపు పెట్టుకుని ఒక పెద్దాయన మోపెడ్ మీద రోడ్డెక్కాడు. అరవైలో ఉంటే ఆగేవాళ్లం. ఆగలేదు. ఆ పెద్దాయన బతికాడు. తుంటి ఎముక విరిగింది. ఇప్పుడు కర్ర లేకుండా నాలుగడుగులు వేయలేడు.

స్టేషన్లో ఎస్సై మామూలుగానే అడిగాడు, మీరేమైనా తొందర పెట్టారా మేడం అని. మేమైతే నెమ్మదిగానే పొమ్మన్నాం అన్నాను. మిగతా ఇద్దరూ నా ముఖం చూసి తలూపారు. సార్ పక్కనే కుర్చీలో ఉన్నారు. తల ఎత్తలేదు.

నిజం చెబితే నాకేమయ్యేది? ఏమీ కాదు. వెనక సీట్లో కూర్చున్నందుకు నన్నెవరు పట్టుకుపోతారు? అయినా అబద్ధం ఆలోచన కంటే ముందు బయటికొచ్చేసింది. మంచిదాన్ని అనిపించుకోవాలన్న ఆశ భయం కంటే పెద్దదా? ఇంకో వింత ఉంది. తర్వాత రెండు నెలలు ఆ మాట నేనే నమ్మాను. నెమ్మదిగా పోండి సార్ అని నా గొంతు అంటున్నట్టు నాకే వినిపించేది.

ఇప్పుడు కిరాయి వ్యానులో, డ్రైవర్ పక్క సీట్లో వెళ్తున్నాను. అతన్ని గమనించడం నాకో పిచ్చి అయిపోయింది. నేను వాచీ చూసుకుంటే చాలు, ఒక్క మాట అనకపోయినా స్పీడు ముల్లు పైకి పోతుంది. వాళ్ల అమ్మాయి చదువు ఎలా ఉందని అడిగితే అది దానంతటదే దిగుతుంది. చాలాసార్లు చూశాను. అందుకే వాచీ బ్యాగులో వేసుకుంటున్నాను, అమ్మాయి గురించి అడుగుతున్నాను. ఈ చిన్న సంగతి ఆరేళ్ల ముందు తెలిసి ఉంటే! అలాగని నేను మారిపోయాననుకోకండి. ఏదైనా కారు మమ్మల్ని దాటిపోతే ఇప్పటికీ నాలుక చివర ఆ మాట దురద పెడుతుంది.

పోయిన వేసవిలో ట్రైనింగ్ కోసం మిర్యాలగూడ వెళ్లాను. బస్టాండులో భిక్షం సార్ కనిపించారు. కారు అమ్మేసి, అటే బదిలీ చేయించుకున్నారని విన్నాను. బాగా చిక్కిపోయారు. ఇంటి సంగతులన్నీ అడిగారు. బస్సు వచ్చేముందు కొంచెం దగ్గరికి జరిగారు.

"మేడం, ఒక్కటి అడుగుతా, ఏమనుకోవద్దు. ఆ రోజు మీరు నిజంగనే నెమ్మదిగ పొమ్మన్నరా? ఎంత యాది చేసుకున్నా నాకు యాదికొస్తలేదు."

ఇన్నేళ్లుగా ఆయన వెతుకుతున్నది, నేనెన్నడూ అనని మాటను. అక్కడే చెప్పేయొచ్చు. బస్టాండంతా గోలగా ఉంది, మా మాట వినేవాళ్లెవరూ లేరు.

"పొమ్మన్నం సార్," అన్నాను.

"అట్లనా," అని తలూపారు. "అయితే నా చెవులే మంచిగ లేవు గావచ్చు. మిమ్మల్ని గూడ పరేషాన్ చేసిన మేడం, తప్పు నాదే."

బస్సొచ్చింది. ఎక్కి, కిటికీలోంచి చెయ్యి ఊపారు. నేనూ ఊపాను.

ఆయన నంబరు నా ఫోన్లో ఉంది. తీస్తాను, చూస్తాను, పెట్టేస్తాను. ఆయనకు చెప్పాల్సింది మీకు చెబుతున్నాను. క్షమించమని అడగను, మీరు క్షమించినా అది చెల్లదు. ఎక్కడో ఒకచోట ఈ మాట నా నోటితో నేను అనాలి, అంతే.

భిక్షం సార్ చెవులు బాగానే ఉన్నాయి. ఆ రోజు కారులో ఎవరూ నెమ్మదిగా పొమ్మనలేదు. తొక్కమన్నది నేను.