నాలుగో క్యాంపు దగ్గర ఆగిన వేలు

స్టీల్ ప్లాంటు కాలనీ రుఆబాంధాలో మా పక్క క్వార్టరు మావయ్య బ్లాస్ట్ ఫర్నేసులో పనిచేసి రిటైరయ్యాడు. ఇంటికి ఎవరెళ్లినా టీకి ముందే గోడమీది కాంచన్‌జంగ పటం దగ్గరికి తీసుకెళ్లేవాడు.

"సిక్కిం వైపు మూసీసారు. నేపాల్ వైపునించే ఎక్కాల. నాలుగు క్యాంపులు. మద్దినేళ దాటితే గాలి లెగుస్తాది, మనిషి నిలబళ్లేడు," అంటూ వేలు పైకి జరిపేవాడు. నాలుగో క్యాంపు దగ్గర ఆ వేలు ఆగిపోయేది. శిఖరం దాకా ఒక్కనాడూ వెళ్లలేదు.

ఆయన కూతురు అక్కడే ఉండిపోయింది. తోటివాడు నడవలేక పడిపోతే, గాలి లేస్తోందని మిగతావాళ్లు దిగిపోయినా, ఆమె మాత్రం అతని పక్కనే కూర్చుంది. కిందినుంచి సాయం ఎక్కేసరికి అతను బతికున్నాడు, ఆమె లేదు.

ఓ మే నెల మధ్యాహ్నం, బయట వడగాలి కొడుతుంటే, ఉండబట్టలేక అడిగేశాను. అలా నోరు జారినందుకు ఇప్పటికీ బాధపడతాను.

"దీదీ ఎందుకు దిగిరాలేదు మావయ్యా?"

ఆయన వేలు పటం మీంచి తియ్యలేదు.

"తరవాత షిఫ్టు రిలీవరొచ్చీవరకూ ఫర్నేసు కాడ డ్యూటీ దిగకూడదు గదమ్మా. చిన్నప్పట్నించీ దానికి నానే నేర్పినాను."