సొన మరకల చొక్కా

ఆగిరిపల్లిలో టీ కొట్టు దగ్గర నన్నడిగితే, తెలుగు తెర మీద నేను చొక్కా తొడగని హీరో లేడు. నిజానికి నేను తొడగలేదు, ఇస్త్రీ చేశాను. తర్వాత కుట్టాను. ఆ తర్వాత ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో చేరి కొత్త గోడలకు పాతదనం పూశాను, కాపు లేని చెట్లకు కాయలు కట్టాను. అన్ని సినిమాల్లోనూ నా పని ఉంది. ఒక్కదాంట్లోనూ నా పేరు లేదు. చచ్చేలోగా దాన్ని తెర మీద ఒక్కసారి చూసుకోవాలనుండేది.

పని మానేసి ఊళ్ళో ఉంటుంటే, కిందటి మామిడి సీజన్లో మా పక్క తోటలోకి ఒక సినిమా యూనిట్ దిగింది. కథలో హీరోయిన్ మామిడి కోతల కూలీ. డైరెక్టర్ కుర్రాడు ఇంటికొచ్చాడు.

"అంకుల్, బట్టలు, సెట్టు మొత్తం మీరే. టైటిల్స్‌లో మీ పేరు వేస్తాం."

నా కాళ్ళకు దణ్ణం పెట్టాడని ఊళ్ళో చెప్పాను. అతను వంగింది చెప్పులేసుకోవడానికి.

మా వైపు కోతలకొచ్చే ఆడవాళ్ళు చీర మీద మగవాళ్ళ ఫుల్ హ్యాండ్స్ చొక్కా వేసుకుంటారు. కాయ ముచ్చిక విరవగానే చిమ్మే సొన ఒంటి మీద పడితే పొక్కిపోతుంది. గుడ్డ మీద పడితే నల్లటి మరకై కూర్చుంటుంది, ఏ సబ్బుకీ లొంగదు. ఏ రంగుతోనూ ఆ మరక తెప్పించలేనని నాకు తెలుసు. అందుకే కొత్త చొక్కాలు కొనుక్కుని తోటకెళ్ళి, కూలీల పాతవాటితో మార్చుకున్నాను.

"కొత్తదిచ్చి పాతది పట్టుకెళ్తున్నారేంటండీ బాబాయ్ గారూ? పిన్నిగారు ఇంట్లోంచి గెంటేశారా?" అంది కాయలు ఏరుతున్నావిడ.

"సినిమాలో హీరోయిన్ వేసుకుంటుందమ్మా."

"మా ఆయన చొక్కానా? ఆయనకి మాత్రం చెప్పకండి. ఇంక పనిలోకి పోడు."

అందరూ నవ్వారు. ఆమె మాత్రం ఇచ్చేముందు దాన్ని దులిపి, మడతపెట్టి ఇచ్చింది.

డైరెక్టర్ ఆ చొక్కాను రెండు వేళ్ళతో ఎత్తాడు. "ఏంటంకుల్ ఇది, డర్టీగా? జనం వచ్చేది హీరోయిన్ని చూడ్డానికి."

మర్నాడు హైదరాబాద్ నుంచి అద్దాల లంగా ఓణీ, చేతుల్లేని జాకెట్టు దిగాయి. చొక్కాలు లైట్లు తుడవడానికి పోయాయి.

కొలతల టేపు అతని మొహాన కొట్టి బయటికొచ్చేశానని టీ కొట్టు దగ్గర చెబుతుంటాను. టేపు నా మెడలోనే ఉంది. "టైటిల్స్‌లో పేరు ఉంటుందిగా బాబూ?" అని అడిగాను. ఉంటుందన్నాడు. లంగాకి అద్దాలు ఊడితే నేనే కూర్చుని కుట్టాను.

నూజివీడులో మొదటాటకి వెళ్ళాను. నా పేరు వచ్చింది. పెద్ద అక్షరాలే. కాస్ట్యూమ్స్, ప్రొడక్షన్ డిజైన్ రెండూ నేనే. ఇన్నేళ్ళూ ఎదురుచూసిన పేరు, సరిగ్గా చదువుకునేలోపే పోయింది. కాసేపటికి హీరోయిన్ గిరగిరా తిరుగుతూ కాయ కోసింది.

"ఆ అద్దాలకి సొన అంటుకోదేమోరా," అన్నారెవరో వెనకనుంచి. హాలంతా నవ్వింది. చుట్టుపక్కల తోటల వాళ్ళే అందరూ. నేను సీట్లో కిందికి జారాను.

ఈ సీజన్లో తోట దగ్గర, చొక్కా మడతపెట్టి ఇచ్చిన ఆవిడే పలకరించింది.

"సినిమా చూశామండీ. మీ పేరు మా అమ్మాయి చదివి చూపించింది. ఆ అద్దాల లంగా మీరే కుట్టారా?"

కాదని చెప్పబోయాను. పేరు నాదే కదా.

"నేనేనమ్మా."

"మరి మా ఆయన చొక్కా ఏదండీ? చివరిదాకా చూశాం."

నాకు అబద్ధం కూడా తట్టలేదు. ఆవిడ మళ్ళీ పనిలో పడింది. ఒంటి మీద కిందటేడు నేనిచ్చిన కొత్త చొక్కా. కాలర్ వెలిసిపోయింది. భుజాల మీద, చేతుల మీద సొన మరకలు, ఎక్కడ పడాలో అక్కడే పడ్డాయి.