వంతెన లేని యుద్ధం

మా పక్కింటావిడ పోయారని పోయిన వారం ఆమె కొడుకు ఫోన్ చేసి చెప్పాడు. ఉదయం టీ పెట్టుకుని కుర్చీలో కూర్చున్నారట, అంతే. అమెరికాలో, ఈ అరోరా ఊళ్లో మేము ఇల్లు కొన్ననాటి నుంచి ఆమే మా పొరుగు. పుట్టింది స్కాట్లండ్‌లో. పెళ్లయి ఇక్కడికి వచ్చి, హైస్కూల్లో చరిత్ర చెప్పి రిటైరయ్యారు. మా అమ్మాయి ఆమెను ఆంటీ అనేది. వయసుకి అమ్మమ్మ అవుతారని నేనంటే, ఆంటీయే బాగుందని ఆవిడే అన్నారు.

ఆమె గురించి మీకు చెప్పాలంటే సినిమాలతో మొదలుపెట్టాలి. చలికాలంలో ఆవిడ మా ఊరి లైబ్రరీలో స్కాట్లండ్ చరిత్ర మీద తీసిన సినిమాలు వేసేవారు. మధ్యమధ్యలో ఆపి, ఏది జరిగిందో ఏది కల్పనో చెప్పేవారు. ఒకసారి పెద్ద యుద్ధం సీన్ దగ్గర ఆపి, "ఈ యుద్ధాన్ని గెలిపించింది ఒక ఇరుకు వంతెన. ఇంగ్లండ్ సైనికులు సగంమంది దాటాక మావాళ్లు మీదపడ్డారు. ఇందులో చూడండి, వంతెనే లేదు" అన్నారు. వెనక వరసలోంచి ఒక పెద్దాయన లేచాడు. ఆయన ముత్తాతలు ఆ దేశం నుంచి వచ్చినవాళ్లు. ఆయన మాత్రం ఎప్పుడూ అక్కడికి వెళ్లలేదు. తనకు మిగిలిన స్కాట్లండ్ ఈ సినిమా ఒక్కటేనని, దాన్నీ మిగలనివ్వరా అని అడిగి బయటికి వెళ్లిపోయాడు.

ఆ రోజు ఆవిడను నేనే ఇంటికి తీసుకొచ్చాను. దారిలో చెప్పారు, చిన్నప్పుడు బడిలో వాళ్ల దేశ చరిత్ర దాదాపు చెప్పేవారే కాదట. ఇంగ్లండ్ రాజుల వరసే బట్టీ పట్టారట. తమకూ ఒక కథ ఉందని ఆమెకు మొదట తెలిసింది సినిమా హాల్లోనే.

"అబద్ధాలు చెప్పైనా సరే, నన్ను తలెత్తుకునేలా చేసింది సినిమాయే. నిజం చదివాక కూడా తల దించకుండా ఉండటం తర్వాత నేర్చుకున్నాను" అన్నారు.

మర్నాడు ఆ పెద్దాయనకు ఫోన్ చేశారు. ఆ తర్వాత ఎప్పుడూ సినిమా ఆపలేదు. పూర్తిగా నడవనిచ్చి అప్పుడు మాట్లాడేవారు. ఆయన మళ్లీ రావడం మొదలుపెట్టాడు, వాదించడానికే అయినా.

కొన్నాళ్లకు అదే గొడవ మా ఇంటికీ వచ్చింది. ఒక తెలుగు చారిత్రక సినిమా చూసి, మా అమ్మాయి స్కూల్లో ఆ రాజు గురించి ప్రెజెంటేషన్ ఇచ్చింది. తన స్నేహితురాలే, కన్నడ వాళ్లమ్మాయి, లేచి ఆయన మా రాజు అంది. ఆ రోజు నుంచి ఇద్దరికీ మాటల్లేవు.

"మమ్మీ, హి ఈజ్ అవర్స్ కదా? మూవీలో తెలుగే మాట్లాడాడు" అని ఏడ్చింది. పక్కింటికి తీసుకెళ్లాను.

ఆవిడ అంతా విని, "ఆకలేస్తే ఆయన అన్నం ఏ భాషలో అడిగేవాడు?" అన్నారు.

"ఐ డోంట్ నో, ఆంటీ."

"ఆ అమ్మాయికి తెలుసా?"

"తనకీ తెలీదు."

"అయితే ఇద్దరూ కలిసి వెతకండి."

వెతికారు. జవాబు దొరకలేదు. ఆయన కొలువులో చాలా భాషలు వినిపించేవని మాత్రం తెలిసింది. రెండోసారి ప్రెజెంటేషన్ ఇద్దరూ కలిసి ఇచ్చారు.

ఈ మధ్య చూపు తగ్గి ఆవిడ కారు నడపడం మానేశారు. లైబ్రరీకి తీసుకెళ్లి తెచ్చేది ఆ పెద్దాయనే. దారంతా ఇద్దరూ పోట్లాడుకునేవారని ఆమె కొడుకు చెప్పాడు.

శనివారం అంత్యక్రియలయ్యాయి. బయటికి వచ్చేసరికి మంచు పడుతోంది. పార్కింగ్ లాట్‌లో ఆ పెద్దాయన, స్కాట్లండ్ మగవాళ్లు మోకాళ్ల దాకా కట్టే గళ్ల కిల్ట్ కట్టుకుని, పైన మామూలు చలి కోటు వేసుకుని, చలికి కాళ్లు ఎర్రబడిపోతున్నా పట్టించుకోకుండా, ఆమె కొడుకు కారు అద్దం మీది మంచు గీకుతున్నాడు.