పగలడానికి చేసిన పళ్ళాలు

మా పెద్దమ్మ చేసిన పళ్ళెం ఒక్కటీ బతికి బట్టకట్టలేదు. ఆవిడ ఉద్యోగమే అలాంటిది. మూకీ హాస్యచిత్రాల్లో పెళ్ళాం మొగుడి నెత్తిన పగలగొట్టడానికి ప్లాస్టర్ కలిపి, అచ్చుల్లో పోసి, పల్చటి పళ్ళాలు చేసేది. ఆ నెత్తి మా పెద్దనాన్నది. "ఇంట్లో పడే అక్షింతలు ఊరికే పోతాయి, ఇక్కడైతే జీతమిస్తారు" అనేవాడాయన.

ఇంటి పింగాణీ పళ్ళెం ఒకటి నమూనాగా ముందు పెట్టుకుని, అంచు మీది నీలిగీతతో సహా అచ్చుగుద్దినట్టు దించేది పెద్దమ్మ. ఆ పనితనమే ఒకరోజు కొంప ముంచబోయింది.

ఆ రోజు మిగిలింది ఒకే ఒక్క రీలు. పన్నెండు పళ్ళాలూ ఆపకుండా విసిరెయ్యాలి. పెళ్ళాం వేషం కట్టిన నటి మొదటిది విసిరింది. పక్కన నిలబడ్డ పెద్దమ్మ నమూనా పళ్ళాన్ని సంచిలో పెట్టబోతే, అది చేతిలోనే పొడైపోయింది. అంటే అసలుది ఆ దొంతరలో ఉంది!

"ఆపండి! అందులో మా ఇంటి పళ్ళెం ఉంది!"

"ఎంతైనా అరుచుకోమ్మా, బొమ్మలో వినపడదుగా!" అని నవ్వాడు డైరెక్టరు. నటి ఆ కేకలు తనను ఉత్సాహపరచడానికే అనుకుని ఇంకా రెచ్చిపోయింది. పెద్దమ్మ అడ్డం వెళ్ళబోతే లైటువాడు ఆపేశాడు.

పెద్దమ్మకు పైప్రాణాలు పైనే పోయాయి. అయినా చెవులు రిక్కించింది. ప్లాస్టర్ పళ్ళెం దొంతర మీంచి లేస్తే టప్పుమంటుంది, పింగాణీది ఖంగుమంటుంది. ఏడు పళ్ళాలు పెద్దనాన్న నెత్తిన పిండైపోయాయి. ఎనిమిదోది ఖంగుమంది.

"వంగు!"

అండీ లేదు, గిండీ లేదు. పెళ్ళైన ఇన్నేళ్ళలో ఆవిడ నోట అలాంటి పిలుపు వినని పెద్దనాన్న, కారణం అడక్కుండా వంగిపోయాడు. పళ్ళెం సెట్టు గుడ్డగోడను చీల్చుకుని అవతల పడేసి ఉన్న పరుపు మీద పడింది. చెక్కు చెదరలేదు. ఇద్దరూ బతికారు, పళ్ళెమూ ఆయనా.

బొమ్మ ఆడినన్నాళ్ళూ జనం అక్కడే పడీపడీ నవ్వారు. నన్నూ తీసుకెళ్ళారు. ఎనిమిదో పళ్ళెం లేచేసరికి పెద్దమ్మ అంత హాల్లోనూ ఉండబట్టలేక "వంగు!" అని అరిచేసింది. నాకు ఆవిడ ఎంత ముద్దొచ్చిందో చెప్పలేను. తెర మీద పెద్దనాన్న, పక్క కుర్చీలో పెద్దనాన్న, ఇద్దరూ ఒక్కసారే వంగారు.