నాన్న తీసుకోని రొట్టె

ఆ ఆదివారం చర్చిలో నాన్న రొట్టె తీసుకోలేదని నేను ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు.

నాగాయలంక దగ్గర రొయ్యల చెరువు గట్టు మీద జరిగిన గొడవలో ఒక మనిషిని కొట్టి చంపింది నాన్న స్నేహితుడు. నేను ఆయన్ని మావయ్యా అనేదాన్ని. కోర్టులో మాత్రం కొట్టింది నాన్నేనని ఆయనే సాక్ష్యం చెప్పాడు. నాన్న జైలు నుంచి వచ్చేసరికి ఆయన మా చర్చి సంఘంలో పెద్ద అయ్యాడు.

మనసులో పగ ఉన్నవాళ్లు ప్రభువు బల్ల దగ్గర రొట్టె ముట్టకూడదు. ఆ రోజు పళ్లెం పట్టుకొచ్చింది మావయ్యే.

"తీసుకో బావా, అయిందేదో అయిపోయింది," అని గొణిగాడు.

నాన్న ఆయన్నే చూస్తూ పళ్లాన్ని మెల్లగా పక్కకి నెట్టాడు. అందరూ కళ్లు మూసుకుని ప్రార్థనలో ఉన్నారు. ఆడవాళ్ల వైపు చాప మీద నేనొక్కదాన్నే కళ్లు తెరిచి చూశాను.

సాయంత్రం, మావయ్య చెరువులో మేత చల్లే వేళకి, నాన్న అటువైపు బయల్దేరాడు.

"ఇవాళ వెళ్లకు నాన్నా," అన్నాను. ఆయనకి నేను ఎదురు చెప్పడం అదే మొదలు.

చెప్పులు వేసుకుని, నా తల మీద చెయ్యి పెట్టాడు.

"అమ్మకి చెప్పకు తల్లీ. నాకోసం చూడకుండా మీరు తినేయండి."