ఆ వాక్యంలో అవ్వ మాట ఉందా?

పంతొమ్మిది వందల యాభైల చివర్లో నేను చిక్కబళ్ళాపురంలో ఒక మిషన్ ఆసుపత్రిలో నర్సుగా పనిచేసేదాన్ని. రోజూ పొద్దున, మందులు ఇచ్చే ముందు, ఉపదేశిగారు ఆడవాళ్ళ వార్డుకు వచ్చేవారు. బైబిలులో ఒక భాగం చదివి, దాని గురించి కాసేపు చెప్పి, ప్రార్థన చేసి వెళ్ళేవారు. ఆయనది మైసూరు వైపు. తెలుగు వింటే అర్థమయ్యేది గానీ నోట పలికేది కాదు. మంచాల మీద ఉన్నవాళ్ళలో చాలామంది బాగేపల్లి, చింతామణి వైపు తెలుగువాళ్ళు. అందుకని ఆయన కన్నడంలో ఒక మాట చెప్పి ఆగేవారు. నేను దాన్ని తెలుగులో చెప్పేదాన్ని.

మాది చింతామణి దగ్గర కెంచార్లహళ్ళి. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం. మా నాయన దగ్గర తెలుగు బైబిలు ఉండేది. కానీ అందులో భాష మా వైపు ఎవరి నోటా వినబడేది కాదు. ‘పలికెను’, ‘సెలవిచ్చెను’ అని చదివితే మా అమ్మకే సగం అర్థమయ్యేది కాదు. వార్డులో ఆ పుస్తకం పనికిరాదని, మా ఊరి మాటల్లోనే చెప్పేదాన్ని. కన్నడం మాట తీసి తెలుగు మాట పెడితే చాలు, నా పని అయిపోయిందనుకునేదాన్ని.

ఒక వేసవిలో బాగేపల్లి నుంచి ఒక చిన్న వయసు ఆమెను జ్వరంతో తెచ్చి చేర్చారు. వాళ్ళది బజారులో అంగడి పెట్టుకున్న కుటుంబం. తోడుగా అత్త వచ్చింది. ఆ అత్త చంకలో ఏడాది నిండిన మనవరాలు. ఆ బిడ్డకు పుట్టినప్పటినుంచీ చూపు లేదు. పనిలో పనిగా బిడ్డనూ చూపించారు. డాక్టరమ్మ చాలాసేపు పరీక్ష చేసి, ఈ కళ్ళకు చూపు రాదని చెప్పేసింది. ఆ మాట వాళ్ళకు తెలుగులో చెప్పింది కూడా నేనే.

అత్త నోరు ఊరుకునేది కాదు. పక్క మంచం వాళ్ళు బిడ్డను చూసి అయ్యో అంటే చాలు, “ఏం పాపం చేసి వచ్చిందో ఈమె, నా కొడుక్కు ఇట్లాంటి బిడ్డను కనిచ్చె” అనేది. కోడలు గోడవైపు తిరిగి పడుకునేది.

ఉపదేశిగారు సువార్తను వరసగా చదువుతూ వస్తున్నారు. మర్నాడు ఆ వరసలో పుట్టుగుడ్డివాడి కథ వచ్చింది. ఆయన చదివారు. నేను చెప్పాను.

“యేసుసామి దోవలో పోతాంటే పుట్టుగుడ్డోడు ఒకడు కనపడినాడంట. శిష్యులు, ‘సామీ, ఈయప్ప ఇట్లా పుట్టినాడే, ఎవురి పాపం? ఈయప్పదా, వాళ్ళ అమ్మానాయనదా?’ అని అడిగినారంట. ‘ఈయప్పదీ కాదు, అమ్మానాయనదీ కాదు’ అన్నాడంట సామి.”

గోడవైపు తిరిగి ఉన్న కోడలు ఇటు తిరిగింది. మెల్లిగా లేచి కూర్చుంది.

ఉపదేశిగారు చదువుతూ పోయారు. దేవుని పనులు అతనిలో కనబడాలనే అట్లా పుట్టాడని ప్రభువు చెప్పిన మాట, ఆ తర్వాత మట్టి తడిపి కళ్ళకు పూయడం, అతనికి చూపు రావడం. అక్కడ ఆపేయాలనిపించింది. అయినా అంతా చెప్పాను.

“అట్లయితే మా పాపకూ చూపు వస్తాదా సిస్టరమ్మా?” అని అడిగింది కోడలు. ముఖమంతా వెలుగు.

నేను ఉపదేశిగారి వైపు చూశాను. ఆయన తల వంచుకుని ప్రార్థన మొదలుపెట్టారు.

తర్వాత వరండాలో ఆయన్ని ఆపాను. “అయ్యా, ‘అమ్మానాయనదీ కాదు’ అనే దగ్గరే ఆపి ఉండాల్సింది” అన్నాను.

“వాక్యాన్ని మధ్యలో తుంచే హక్కు నీకూ లేదు, నాకూ లేదమ్మా” అన్నారాయన.

“ప్రభువు ఆ మాట ఎదురుగా ఉన్న మనిషిని చూసి చెప్పినాడు కదయ్యా. మన ఎదురుగా ఉన్నది వేరే మనిషి.”

ఆయన పుస్తకం చంకలో పెట్టుకుని వెళ్ళిపోయారు. కోపం వచ్చిందేమో అనుకున్నాను.

మధ్యాహ్నం నేను కట్టుగుడ్డలు మడుస్తుంటే అత్త వచ్చి తలుపు దగ్గర నిలబడింది. చుట్టూ చూసి గొంతు తగ్గించింది.

“అమ్మా, పొద్దున చెప్పినావే, దాంట్లో అవ్వ మాట ఏమన్నా ఉండాదా?”

“ఏ అవ్వమ్మా?”

“గుడ్డోడిది కాదు, అమ్మానాయనది కాదు అంటివి. మరి అవ్వది?”

ఆమె తలుపుకు ఆనుకుని కూర్చుని చెప్పుకొచ్చింది. కొడుక్కంటే ముందు ఆమెకు ఒక ఆడబిడ్డ పుట్టింది. మొదటిది ఆడబిడ్డ అని ఆమె అత్త ఈసడించుకుంది. ఆ మాటకు భయపడి ఈమె బిడ్డకు సరిగా పాలివ్వలేదు. బిడ్డ పోయింది. “ఆ పాపమే నా మనవరాలి కండ్లల్లో కూచుండాదని నాకు భయం తల్లీ. ఎవురికీ చెప్పలేదు. కోడలి మీద వేసేస్తి” అంది.

నేను సొంతంగా ఏదో ఒకటి చెప్పి ఓదార్చవచ్చు. కానీ ఆమె నా మాట అడగలేదు. ఆ వాక్యంలో ఏముందని అడిగింది. ఆమెను అడిగి, ఒప్పుకున్నాకే ఉపదేశిగారికి కబురు పంపాను.

ఆయన వచ్చి ఆమె ఎదురుగా నేల మీదే కూర్చున్నారు. అంతా విన్నారు. తర్వాత కన్నడంలో మెల్లిగా మొదలుపెట్టారు. నేను ఒక్కో మాటా చెప్తూ వచ్చాను.

అవ్వ మాట అందులో రాసి లేదన్నారు. అట్లా అడిగిన శిష్యులు ఎవరో ఒకరి మీద తప్పు వేయాలని చూశారన్నారు. ఆమె అక్కడ ఉండి ఉంటే ఆమె మీదికీ వేలు చూపించేవాళ్ళేననీ, ప్రభువు అప్పుడూ కాదనే అనేవాడనీ చెప్పారు. పోయిన బిడ్డ కోసం ఎంత ఏడ్చినా తప్పులేదు, దేవుణ్ణి క్షమించమని అడగాల్సిందే, కానీ ఈ బిడ్డ కళ్ళు దానికి శిక్ష కాదన్నారు.

ఆమె ఆయన ముఖంలోకే చూస్తోంది. చివరి మాట నేను తెలుగులో చెప్పబోతుంటే ఆయన చెయ్యెత్తి నన్ను ఆపారు. వచ్చీరాని తెలుగులో తనే, “నీది కాదు అమ్మా” అన్నారు.

ఆమె కొంగు ముఖానికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది.

ఉపదేశిగారు అక్కడినుంచి లేచి కోడలి మంచం దగ్గరికి వెళ్ళారు. నన్నూ రమ్మన్నారు. పాపకు చూపు రాదు, పొద్దున ఆ మాట చెప్పకుండా వెళ్ళిపోయాను అన్నారు. కోడలు కొంగుతో కళ్ళు తుడుచుకుంది. చివరికి, “మరి దేవుని పని కనపడేదంటే ఏంది?” అని అడిగింది.

“నాకు పూర్తిగా తెలియదు. మీరు ఈ బిడ్డను చూసుకునే తీరులో కనబడుతుందని అనుకుంటున్నాను” అన్నారు. ఆ ‘అనుకుంటున్నాను’ను జారిపోనివ్వకుండా నేను తెలుగులో చెప్పాను.

ఆ సాయంత్రం అత్త కోడలి మంచం మీద కూర్చుని ఉంది. ఇద్దరూ తలలు దగ్గర పెట్టుకుని ఏదో చెప్పుకుంటున్నారు. నేను దగ్గరికి పోలేదు. ఆ తర్వాత వార్డులో అత్త నోట పాపం అనే మాట వినలేదు.

జ్వరం తగ్గాక వాళ్ళు వెళ్ళిపోయారు. కైవార గుడిలో మొక్కు తీర్చుకుని ఇంటికి పోతామని అత్త దాచకుండా చెప్పింది. “మంచిది, పోయిరండి” అన్నారు ఉపదేశిగారు. అప్పటినుంచి ఆయన పొద్దున వార్డుకు వచ్చాక పుస్తకం తెరిచే ముందు నన్ను పక్కకు పిలిచి, ఏ మంచం మీద ఎవరున్నారని అడిగేవారు.

అరవైల్లో ఒకసారి టీకాలు వేయడానికి ఆసుపత్రి జీపులో బాగేపల్లి పోయాను. బజారులో అడిగితే ఆ అంగడి చూపించారు. లోపల అవ్వ మనవరాలికి జడ వేస్తోంది. నన్ను గుర్తుపట్టి కోడలిని కేకేసింది. “వచ్చే ఏడు బెంగళూరులో చూపులేని పిల్లోళ్ళ ఇస్కూల్లో చేరస్తాండాము. తోడుకు నేనే పోతాండా” అంది. కోడలు కాఫీ తెచ్చింది. బయట జీపు హారను కొడుతున్నా వాళ్ళు నన్ను లేవనివ్వలేదు. ఆ పిల్ల నా పక్కన చేరి, వేయించిన శనక్కాయలు ఒలిచి, నా అరచెయ్యి వెతుక్కుని పెడుతూ కూర్చుంది.